రౌటర్ లోపలి క్యూ

ఇంట్లో నెట్ సతాయిస్తుంటే మొదట వినిపించే మాట 'ప్లాన్ మార్చేద్దాం'. 40 ఎంబీపీఎస్ నుంచి 100కి, 100 నుంచి 300కి. లైను చూడడానికి వచ్చిన కుర్రాడు కూడా అదే సలహా ఇచ్చి వెళ్తాడు. కొత్త ప్లాన్ వేయించి స్పీడ్ టెస్ట్ పెడితే అంకె నిజంగానే పెరిగి ఉంటుంది. అదే సాయంత్రం ఒక ఫోన్ ఆ రోజు తీసిన వీడియోలన్నిటినీ క్లౌడ్‌లోకి ఎక్కించడం మొదలుపెడుతుంది. పక్క గదిలో, డల్లాస్‌లో ఉన్న కూతురితో వీడియో కాల్ మాట్లాడుతున్న తల్లి గొంతు మళ్లీ ముక్కలు ముక్కలుగా వినిపిస్తుంది. డబ్బు పెట్టి కొన్న వేగం ఏమైనట్టు?

వేగం ఉంది. ఆ కాల్ తాలూకు ప్యాకెట్లు మాత్రం రౌటర్‌లోనో, దానికి అవతల ఆపరేటర్ పెట్టిన పరికరంలోనో, వీడియో ఫైళ్ల ప్యాకెట్ల వెనక తమ వంతు కోసం ఆగిపోయాయి. ఆ క్యూను సక్రమంగా నడిపే పద్ధతి 2012 నుంచి ఉచితంగా దొరుకుతోంది. దాన్ని ప్రతి ఇంటి రౌటర్‌లోనూ పెట్టి తీరాలని ఆపరేటర్లను, ప్రభుత్వ నెట్‌వర్కులను, టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్‌ను గట్టిగా అడగాల్సిన సమయం ఎప్పుడో వచ్చింది. ఎందుకు అడగాలో తెలియాలంటే కాస్త వెనక్కి వెళ్లాలి.

1986 అక్టోబరు. అమెరికాలోని కాలిఫోర్నియా. లారెన్స్ బర్క్‌లీ ల్యాబొరేటరీకీ, పక్కనే ఉన్న బర్క్‌లీ విశ్వవిద్యాలయానికీ మధ్య దూరం 400 గజాలు. సెకనుకు 32 వేల బిట్ల చొప్పున నడుస్తున్న డేటా హఠాత్తుగా 40 బిట్లకు పడిపోయింది. 40 వేలు కాదు, అచ్చంగా 40. ఆ లెక్కన 600 ఇంగ్లిష్ అక్షరాల ఉత్తరం ఒకటి ఆ 400 గజాలు దాటడానికి 2 నిమిషాలు పడుతుంది. మనిషి చేతికిచ్చి పంపినా పెద్ద తేడా ఉండదు.

తీగ తెగలేదు, యంత్రం చెడిపోలేదు. అన్నీ తమకు చెప్పిన పని చెప్పినట్టే చేస్తున్నాయి. చిక్కంతా అక్కడే వచ్చింది. ఇంటర్నెట్‌లో డేటా చిన్న చిన్న ప్యాకెట్లుగా వెళ్తుంది. అందినట్టు అవతలి కంప్యూటర్ రసీదు పంపాలి. రసీదు వేళకు రాకపోతే ఆ ప్యాకెట్ దారిలో పోయిందనుకుని పంపినవాళ్లు మళ్లీ పంపుతారు. దారిలో రద్దీ పెరిగినప్పుడు ప్యాకెట్ వెంటనే పోదు, ముందు క్యూలో ఆలస్యమవుతుంది. అది ఇంకా క్యూలో ఉండగానే దాని నకలు బయల్దేరుతుంది, ఆ వెనకే ఇంకో నకలు. కాసేపటికి లైను మీద నడిచేవాటిలో ఎక్కువ భాగం ఎవరికీ అక్కర్లేని నకళ్లే. ఇలాంటి పతనం రాబోతోందని ఫోర్డ్ ఏరోస్పేస్‌లో పనిచేసే జాన్ నాగిల్ 1984 జనవరిలోనే రాతపూర్వకంగా హెచ్చరించారు. రెండేళ్లు దాటాక అది కళ్లెదుట జరిగింది.

ల్యాబొరేటరీలో ఉన్న వాన్ జేకబ్సన్, విశ్వవిద్యాలయంలో బర్క్‌లీ యూనిక్స్ అనే ఆపరేటింగ్ సిస్టమ్ మీద పనిచేస్తున్న మైకేల్ కారెల్స్ దీని అంతు చూడడానికి కూర్చున్నారు. వాళ్లు కొత్త తీగలు వేయించలేదు, పెద్ద యంత్రాలు కొనిపించలేదు. పంపేవాళ్ల నడవడిక మార్చారు. టీసీపీ అనే ప్రోగ్రాంలో వాళ్లు చేసిన మార్పుల సారం చెప్పుకుంటే చాలా తేలిక. దారి ఖాళీగా ఉందో లేదో తెలియదు కాబట్టి ఒక్క ప్యాకెట్‌తో మొదలుపెట్టు. రసీదు వస్తే రెండు పంపు, అవీ అందితే నాలుగు, తర్వాత ఎనిమిది. ఒక హద్దుకు చేరాక ఆచితూచి ఒక్కొక్కటే పెంచు. ఎక్కడైనా ఒక ప్యాకెట్ పోయిందని తెలిసిందా, అది దారిలో ఎవరో ఇబ్బంది పడుతున్నారనడానికి గుర్తు. వెంటనే వెనక్కి తగ్గు. ఈ చివరి నియమం ఇప్పటికీ అందంగా అనిపిస్తుంది, ఎందుకంటే నష్టం జరిగినప్పుడు మరింత గట్టిగా తోయాలనే సహజ బుద్ధికి అది పూర్తిగా విరుద్ధం.

పెంచేటప్పుడు కొంచెం కొంచెంగా, తగ్గించేటప్పుడు ఒక్కసారిగా సగానికి. ఇలా చేస్తే ఒకే లైనును పంచుకునేవాళ్లంతా ఒకరితో ఒకరు మాట్లాడుకోకుండానే సమాన వాటాల వైపు చేరతారని దా-మింగ్ చియు, రాజ్ జైన్ 1989లో లెక్క కట్టి చూపించారు. రాజ్ జైన్ బెంగళూరులోని ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్‌లో చదివి అమెరికా వెళ్లినవారు. అదే సంస్థలో చదివిన కె.కె. రామకృష్ణన్‌తో కలిసి డిజిటల్ ఎక్విప్‌మెంట్ కార్పొరేషన్‌లో పనిచేస్తూ ఇంకో ఆలోచన కూడా చేశారు. ప్యాకెట్‌ను పారేసి రద్దీని తెలియజేయడం ఎందుకు, దాని మీద ఒక బిట్ గుర్తు పెట్టి పంపితే సరిపోతుంది కదా అని. ఈ ఆలోచన 2001లో ఇంటర్నెట్ ప్రమాణంగా మారింది. రామకృష్ణన్, శాలీ ఫ్లాయిడ్, డేవిడ్ బ్లాక్ ఆ పత్రం రాశారు.

గమనించాల్సిన సంగతి, ఈ నియమాలు పాటించమని గద్దించే అధికారి ఎవరూ లేరు. జేకబ్సన్, కారెల్స్ 1988లో ప్రచురించిన పద్ధతి బర్క్‌లీ యూనిక్స్‌తో పాటు ఊరూరా పాకింది. దాని వారసులే ఇప్పుడు ప్రతి ఫోన్‌లోనూ నడుస్తున్నారు. లైనక్స్‌లో మామూలుగా ఉండేది క్యూబిక్. గూగుల్ 2016లో బయటపెట్టిన బీబీఆర్ ప్యాకెట్ పోయేదాకా ఆగకుండా, దారి ఎంత మోయగలదో, ఖాళీగా ఉన్నప్పుడు ఎంత సేపు పడుతుందో నిరంతరం కొలుస్తూ పోతుంది. కోట్లాది కంప్యూటర్లు ఇష్టపూర్వకంగా పాటించే ఒక మర్యాద మీద ఇంత పెద్ద వ్యవస్థ నిలబడి ఉంది.

ఆ మర్యాదను దెబ్బకొట్టింది చవకైన మెమరీ.

దారిలో ఉన్న ప్రతి పరికరంలోనూ ప్యాకెట్లు ఆగడానికి కొంత చోటు ఉంటుంది. దాన్ని బఫర్ అంటారు. కాస్త బఫర్ అవసరమే, లేకపోతే చిన్న కుదుపుకే ప్యాకెట్లు పోతాయి. మెమరీ చిప్‌ల ధర పడిపోయాక తయారీదార్లు ప్యాకెట్ పోవడమే పెద్ద పాపమన్నట్టు మోడెమ్‌లలో, రౌటర్లలో, సెల్ టవర్లలో బఫర్లను పెంచుకుంటూ పోయారు. సంక్రాంతి ముందు రోజుల్లో హైదరాబాద్–విజయవాడ రహదారి మీద పంతంగి టోల్‌గేటు దగ్గర కార్లు బారులు తీరుతాయి. అక్కడ గేట్లు పెంచకుండా, గేటు ముందు కార్లు ఆగే స్థలాన్ని మాత్రం మరో 5 కిలోమీటర్లు పొడిగిస్తే ఊరికి ఒక్క నిమిషం ముందుగా కూడా ఎవరూ చేరరు. పైగా రోడ్డు నిండిందన్న కబురు హైదరాబాద్‌లో బయల్దేరబోయేవాళ్లకు అందదు. ఉబ్బిన బఫర్ చేసే పని ఇదే. ప్యాకెట్ పోతేనే మామూలు టీసీపీ వెనక్కి తగ్గుతుంది. బఫర్ నిండేదాకా ప్యాకెట్ పోదు. కాబట్టి బఫర్ ఎంత పెద్దదైతే అంతా నింపేదాకా అది పంపుతూనే ఉంటుంది.

దీని ధర ఎంతో చిన్న లెక్కతో తెలుస్తుంది. ఒక పరికరంలో ఒక మెగాబైట్ బఫర్ ఉందనుకుందాం. అది నిండాక వచ్చి చేరిన ప్యాకెట్ 100 ఎంబీపీఎస్ లైను మీద 80 మిల్లీసెకన్లు ఆగాలి. అదే బఫర్ 5 ఎంబీపీఎస్ లైను మీద ఉంటే 1.6 సెకన్లు. మాటలకు ఒకవైపు ప్రయాణం 150 మిల్లీసెకన్ల లోపు ఉంటే సంభాషణ సాఫీగా సాగుతుందని అంతర్జాతీయ టెలికమ్యూనికేషన్ యూనియన్ సిఫార్సు చెబుతోంది. తెలుగు రాష్ట్రాల నుంచి అమెరికాకు వెళ్లి రావడానికే 200 మిల్లీసెకన్లకు పైన పడుతుంది. అందులో తగ్గించగలిగేది పెద్దగా లేదు, దూరం అలాంటిది. దాని నెత్తిన ఇంకో ఒకటిన్నర సెకను పడితే ఇద్దరూ ఒకేసారి మాట్లాడి, ఇద్దరూ ఒకేసారి ఆగి, చివరికి 'తర్వాత చేస్తాలే' అని పెట్టేస్తారు.

ఈ లెక్కలో ఇంకో చేదు నిజం ఉంది. బఫర్ ఒకటే అయినప్పుడు, చిన్న ప్లాన్ ఉన్న ఇల్లు పెద్ద ప్లాన్ ఉన్న ఇంటికంటే 20 రెట్లు ఎక్కువ సేపు ఆగాలి. ఖరీదైన ప్లాన్ కొనలేనివాళ్లే ఈ లోపానికి ఎక్కువ మూల్యం చెల్లిస్తున్నారు. ఒకే కనెక్షన్ మీద ఒక పిల్లవాడు పాఠం వింటుంటే ఇంకొకరు సినిమా దించుకునే ఇళ్లు అవే.

బెల్ ల్యాబ్స్‌లో పనిచేస్తున్న జిమ్ గెట్టిస్ 2010లో తన ఇంట్లోనే దీన్ని పట్టుకున్నారు. పెద్ద ఫైలు ఒకటి పంపుతుండగా కొలిస్తే, మామూలుగా మిల్లీసెకన్లలో ఉండాల్సిన జాప్యం ఒక సెకను దాటిపోయింది. నెట్ బాగాలేదని ఇంట్లో పిల్లలు అప్పటికే చాలాసార్లు చెప్పి ఉన్నారు. గేమ్‌లు ఆడే పిల్లలకు ఈ సంగతి ఇంజనీర్లకంటే ముందే తెలుస్తుంది. 'పింగ్ పెరిగిపోయింది' అని వాళ్లు గోల చేసేది దీని గురించే. గెట్టిస్ దీన్ని వదిలిపెట్టలేదు. ఎక్కడెక్కడ బఫర్లు ఉబ్బి ఉన్నాయో చూపిస్తూ, ఇది ఒక కంపెనీ తప్పు కాదని, దాదాపు అందరూ చేస్తున్న తప్పని చెబుతూ వచ్చారు.

మందు కూడా త్వరగానే దొరికింది. క్యూ నిండేదాకా ఆగకుండా ముందే కొన్ని ప్యాకెట్లను వదిలేసి హెచ్చరించే పద్ధతిని శాలీ ఫ్లాయిడ్, జేకబ్సన్ 1993లోనే ప్రతిపాదించారు. దాన్ని లైనుకు తగ్గట్టు సరిచేసుకోవడం కష్టం కావడంతో చాలామంది ఆపరేటర్లు దాన్ని ఆన్ చేయలేదు. 2012లో క్యాథ్లీన్ నికొల్స్, జేకబ్సన్ ఇచ్చిన కోడెల్ ఆ ఇబ్బంది తీర్చింది. అది క్యూ పొడవు చూడదు, ఒక్కో ప్యాకెట్ లోపల ఎంత సేపు ఉందో చూస్తుంది. 100 మిల్లీసెకన్ల పాటు ఏ ప్యాకెట్టూ 5 మిల్లీసెకన్లలోపు బయటపడలేదంటే ఆ క్యూ కదలడం లేదని అర్థం చేసుకుని, ఒకటి వదిలేసి పంపేవాళ్లకు కబురందిస్తుంది.

దీనికి తోడు ఇంకో పాత ఆలోచన. నాగిల్ 1985లో సూచించి, 1989లో ఎలన్ డెమర్స్, శ్రీనివాసన్ కేశవ్, స్కాట్ షెంకర్ మెరుగుపరిచిన న్యాయమైన వరుస. అందరినీ ఒకే క్యూలో నిలబెట్టకుండా ప్రతి సంభాషణకూ విడి క్యూ ఇచ్చి, వంతులవారీగా ఒక్కొక్కరి నుంచి కొంచెం కొంచెం తీసుకోవడం. ఈ రెంటినీ కలిపిన ఎఫ్‌క్యూ-కోడెల్ అనే ప్రోగ్రాం 2012లోనే లైనక్స్‌లో చేరింది. అది మామూలుగా 1024 క్యూలు పెట్టుకుంటుంది. వీడియో కాల్ లాంటివి అప్‌లోడ్ కంటే చాలా తక్కువ ప్యాకెట్లు పంపుతాయి కాబట్టి వాటి క్యూ దాదాపు ఎప్పుడూ ఖాళీగానే ఉంటుంది, వాటి వంతు వెంటనే వస్తుంది. వరదలా పంపే అప్‌లోడ్ తన క్యూలో తాను ఆగుతుంది. ఎవరు ఏం పంపుతున్నారో తెరిచి చూడాల్సిన పని లేదు.

ఇది ప్రయోగశాల మాట అనుకోనక్కర్లేదు. కోవిడ్ నాళ్లలో అమెరికన్ కేబుల్ కంపెనీ కామ్‌కాస్ట్‌కు అనుకోకుండా ఒక మంచి పరీక్ష కుదిరింది. ఒకే రకం మోడెమ్‌లలో రెండు రూపాలు వాళ్ల చందాదార్ల ఇళ్లలో ఉన్నాయి. ఒకదాంట్లో క్యూను అదుపు చేసే ప్రోగ్రాం నడుస్తోంది, ఇంకోదాంట్లో లేదు. అప్‌లోడ్ జోరుగా ఉన్నప్పుడు ప్రోగ్రాం లేని మోడెమ్‌లలో జాప్యం సగటున 250 మిల్లీసెకన్ల దాకా వెళ్లింది. ఉన్నవాటిలో 15 నుంచి 30 మధ్యే ఆగింది. ప్లాన్ అదే, తీగ అదే. మారింది క్యూ ఒక్కటే.

అదే కంపెనీ అంతకుముందు ఎలాంటి దారి పట్టిందో కూడా చెప్పుకోవాలి, ఎందుకంటే మన దేశంలో జరుగుతున్న చర్చకు అది నేరుగా తగులుతుంది. 2007లో కామ్‌కాస్ట్ రద్దీ తగ్గించే పేరుతో బిట్‌టొరెంట్ వాడేవాళ్ల కనెక్షన్లను ఎంచి మరీ తెంచింది. కనెక్షన్ ముగిసిందని చెప్పే నకిలీ ప్యాకెట్లను రెండువైపులా పంపి, అవి అవతలి కంప్యూటర్ నుంచే వచ్చినట్టు నమ్మించింది. విషయం బయటపడ్డాక 2008లో అమెరికా టెలికాం నియంత్రణ సంస్థ ఎఫ్‌సీసీ దాన్ని తప్పుపట్టింది. అలా ఆదేశించే అధికారం ఎఫ్‌సీసీకి లేదని 2010లో కోర్టు కొట్టేసింది, అది వేరే సంగతి. రద్దీ నిజమైనదే కావచ్చు. దాని పేరు చెప్పి ఫలానా అప్లికేషన్ పీక పట్టుకోవడం మాత్రం అవసరమే లేని పని. ప్రతి ఒక్కరికీ సమాన వంతు ఇచ్చే క్యూ ఉంటే బిట్‌టొరెంట్ దాని వాటాకే పరిమితమయ్యేది.

భారత్‌లో ట్రాయ్ 2016 ఫిబ్రవరి 8న ఒక్కో సైటుకు ఒక్కో ధర పెట్టడాన్ని నిషేధించింది. 2018 జులైలో కేంద్రం నెట్ సమానత్వ సూత్రాలను ఆమోదించింది. సహేతుకమైన ట్రాఫిక్ నిర్వహణకు అందులో వీలుంది. ఏది సహేతుకం అన్న ప్రశ్నకు ఇంజనీరింగ్ ఇచ్చే జవాబు చాలా స్పష్టంగా ఉంది. ప్యాకెట్ లోపల ఏముందో, ఎవరిదో చూడకుండా వంతులు వేస్తే సహేతుకం.

రద్దీ అనే మాట ఇప్పుడు ఇంకో గొడవలో కూడా వినిపిస్తోంది. వీడియో కంపెనీలు తమ నెట్‌వర్కులను నింపేస్తున్నాయి కాబట్టి ఖర్చులో వాటా ఇవ్వాలని టెలికాం కంపెనీల సంఘం సీఓఏఐ అడుగుతోంది. దక్షిణ కొరియాలో ఈ తరహా రుసుముల విధానం ఎటు దారితీసిందో చూడాలి. అక్కడి నెట్‌వర్క్ ఖర్చు చాలా దేశాల కంటే 10 రెట్లు ఎక్కువగా ఉందని చెప్పి వీడియో ప్రసార సైటు ట్విచ్ 2024 ఫిబ్రవరిలో ఆ దేశంలో దుకాణం కట్టేసింది. నష్టపోయింది చూసేవాళ్లు. పంపే కంపెనీలు కూడా చేతులు కట్టుకుని కూర్చోలేదు. నెట్‌ఫ్లిక్స్ తన సినిమాలు నింపిన సర్వర్లను ఆపరేటర్ల కేంద్రాల్లోనే పెట్టే పద్ధతిని 2012లో ప్రకటించింది. 2020 మార్చి 24న లాక్‌డౌన్ వేళ మన దేశంలోని స్ట్రీమింగ్ కంపెనీలు మొబైల్ నెట్‌వర్కుల మీద వీడియో నాణ్యతను 480పీ దాటనివ్వమని నిర్ణయించుకున్నాయి. 2023 నవంబరు 19న అహ్మదాబాద్ ప్రపంచకప్ ఫైనల్‌ను హాట్‌స్టార్‌లో ఒకే సమయంలో 5.9 కోట్ల మంది దాకా చూడగలిగారంటే, వీక్షకులకు దగ్గరలోని సర్వర్ల నుంచి ఆటను అందించడం, దారి ఇరుకైనప్పుడు బొమ్మ నాణ్యతను ప్లేయరే తగ్గించుకోవడం అందుకు పెద్ద కారణాలు. ఎవరు ఎవరికి ఎంత ఇవ్వాలన్నది వ్యాపార తగాదా, దాన్ని వ్యాపార తగాదాగానే తేల్చుకోవాలి. ఇంట్లో కాల్ తెగిపోవడానికి దాన్ని సాకుగా చూపించకూడదు.

ఇక మన దగ్గర చేయాల్సింది. 2024 అక్టోబరు 1 నుంచి అమల్లోకి వచ్చిన ట్రాయ్ నాణ్యతా నిబంధనల్లో జాప్యం, ప్యాకెట్ నష్టం, జిట్టర్ (జాప్యంలో హెచ్చుతగ్గులు) కొలతలు ఉన్నాయి. వేగం ఒక్కటే చూసే అలవాటు నుంచి అది మంచి అడుగు. లైను ఖాళీగా ఉన్నప్పుడు కొలిచిన జాప్యం చందాదారుడికి ఉపయోగపడదు. లైను నిండుగా ఉన్నప్పుడు ఎంత అన్నది విడిగా కొలిచి, ఆపరేటర్ల వారీగా ప్రకటించాలి. ఎవరైనా ఇంట్లోనే చూసుకోవచ్చు. నెట్‌ఫ్లిక్స్ నడిపే ఫాస్ట్ డాట్ కామ్‌లో వేగం కింద మరింత సమాచారం నొక్కితే రెండు జాప్యాలు పక్కపక్కన కనిపిస్తాయి, ఒకటి ఖాళీ లైనుది, ఇంకోటి నిండు లైనుది. మొదటిది 10 మిల్లీసెకన్లు, రెండోది 300 ఉంటే ప్లాన్ మార్చడం వృథా. రౌటర్ మార్చాలి, లేదా ఆపరేటర్‌ను నిలదీయాలి.

అప్‌లోడ్ వేగం కూడా ఎక్కువగా ఉండే ఫైబర్ లైన్లలో ఇంటి గుమ్మం దగ్గర క్యూ తక్కువే ఏర్పడుతుంది, నిజమే. అప్పుడు ఇరుకు వైఫైలోకో, సెల్ టవర్‌లోకో జరుగుతుంది. చివరి గదిలో సిగ్నల్ రెండు గీతలున్న ఫోన్ ఒకటి వైఫై సమయమంతా తినేస్తుంది. దానికి కూడా లైనక్స్‌లో మందు ఉంది.

ప్రభుత్వాలు ఇక్కడ నేరుగా పనిచేయగలవు. ఆంధ్రప్రదేశ్ ఫైబర్ నెట్‌వర్కును 2017 డిసెంబరు 27న అప్పటి రాష్ట్రపతి రామ్‌నాథ్ కోవింద్ ప్రారంభించారు. ఇంటర్నెట్, టీవీ, ఫోన్ మూడూ నెలకు 149 రూపాయల నుంచి ఇస్తామన్నారు. తెలంగాణలో టీ-ఫైబర్ ఉంది. పంచాయతీలకు ఫైబర్ వేసే భారత్‌నెట్‌కు కేంద్రం 2023లో దాదాపు 1.39 లక్షల కోట్ల రూపాయలు ఆమోదించింది. తీగ ప్రతి పంచాయతీకి చేరుతుంది. ఆ తీగ చివర పెట్టే పెట్టెలను కొనేది ప్రభుత్వ సంస్థలే, వాటికి షరతులు రాసేదీ ఆ సంస్థలే. బడి, ఆరోగ్య ఉపకేంద్రం, పంచాయతీ ఆఫీసు ఒకే కనెక్షన్ పంచుకునే చోట డాక్టర్‌తో వీడియో కాల్ నడుస్తుండగా పక్క గదిలో రికార్డులు అప్‌లోడ్ అవుతుంటే ఏం జరగాలో ఆ షరతుల్లోనే తేలిపోతుంది.

టెండరు పత్రంలో అడగాల్సింది కొద్దిగానే. రౌటర్‌లో న్యాయమైన వరుస, క్యూ అదుపు రెండూ ఉండాలి, పెట్టె తెరిచేసరికే ఆన్ అయి ఉండాలి. లైను రెండువైపులా ఒక నిమిషం నింపి పెట్టి పింగ్ కొలిస్తే ఖాళీ లైను కంటే 30 మిల్లీసెకన్లకు మించి పెరగకూడదు. ఆ ఫలితాన్ని జిల్లాల వారీగా వెబ్‌సైట్‌లో పెట్టాలి. బిడ్ వేసే కంపెనీలు దీని కోసం కొత్తగా కనిపెట్టాల్సిందేమీ లేదు. ఓపెన్‌డబ్ల్యూఆర్‌టీ లాంటి ఉచిత రౌటర్ సాఫ్ట్‌వేర్‌లో అది ఏళ్లుగా ఉంది, దాన్ని తీసేయకుండా పంపితే చాలు.